కూచిపూడి బాలుడు, భిన్నబాల్యము: కొన్ని గ్రంథముల పరిశీలనము

తెలుగు వచనవాఙ్మయమున బాల్యవర్ణనమునకు లోటు లేదు. నవలాకారులు, కథకులు, ఆత్మకథారచయితలు తమ పల్లెలను, బడులను, తల్లిదండ్రులను, తోడి పిల్లలను మక్కువతో వర్ణించిరి. అయినను ఆ బాల్యములలో నొక బాలుడు మాత్రము మిక్కిలి అరుదుగా కానవచ్చును. వాని నడక, మాట, ఆట, అలంకారమునందలి యిష్టము మగపిల్లవానినుండి ఇల్లును వీధియు ఆశించు తీరున ఉండవు. ఆడపిల్లలతో గూడి ఆడుకొనుటయే వానికి హాయి. వానిని చూచి కొందరు నవ్వుదురు, కొందరు దండింతురు, తల్లి యొకతె చాటున కంట తడి పెట్టుకొనును. ఇట్టి బాలుడు ప్రతి యూర నుండును. పుస్తకములలో మాత్రము లేడు. ఉన్నచోట నతడు పరిహాసపాత్రముగనో, రంగస్థలమున ప్రశంసాపాత్రముగనో ఉండును గాని, బాలుడుగా నుండడు. ఈ విషయమును కొన్ని గ్రంథముల యాధారముతో పరిశీలించుట ఈ వ్యాసమునకు ప్రయోజనము.

పరిశీలనమునకు కృష్ణాజిల్లా మొవ్వ మండలమునందలి కూచిపూడి గ్రామమును ఆరంభస్థానముగా గ్రహించితిమి. మగపిల్లవాడు ఆడువేషము ధరించుట అన్ని యూళ్లలోను వింతయు నవ్వులాటయు కాగా, ఈ యూర నది కులవిద్య. అంతకు మించి కులవ్రతము. కావున “భిన్నత” అను మాటకు అర్థమేమో ఇచ్చట తేల్చుకొన వీలగును.

ముందుగా బాల్యగ్రంథముల తీరు చూతము. చిలకమర్తి లక్ష్మీనరసింహముగారి ‘గణపతి’ (1920) నాయకుడు రూపమునందును నడవడియందును తోటివారివంటి వాడు గాడు. ఆ భిన్నతయే ఆ నవలకు హాస్యాధారము. చదువరి గణపతితో గూడి నవ్వుటకన్న గణపతిని జూచి నవ్వుటయే ఎక్కువ. ముళ్లపూడి వెంకటరమణగారి ‘బుడుగు’ 1950ల నడుమ పుట్టి, బాపుగారి బొమ్మలతో ఇంటింట వెలసిన బాలుడు. అతడు తన కథను తన భాషలో తానే చెప్పుకొనును. పెద్దల మాటను తలక్రిందులు చేయు ఆ భాష తెలుగు వచనమునకు గొప్ప లాభము. కాని బుడుగు భిన్నత అల్లరి యనబడు భిన్నత. వయస్సుతో బాటు తీరునని అందరు నమ్మునట్టిది. శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రిగారి ‘అనుభవాలూ-జ్ఞాపకాలూనూ’ మఱియొక తెరగు. వైదికవిద్యాకుటుంబమున పుట్టిన బాలుడు తెలుగు రచనవైపు మొగ్గుట, ఇంటివా రాశించిన మార్గమును విడుచుట అందలి వస్తువు. ఇది నిజమైన సంఘర్షణమే. అయినను వృత్తిని గూర్చినది గాని పుట్టుకను గూర్చినది కాదు.

ఇరువదవ శతాబ్దపు చివరి భాగమున బాల్యగ్రంథముల పరిధి విస్తరించెను. నామిని సుబ్రహ్మణ్యం నాయుడుగారు చిత్తూరుజిల్లా సేద్యగాండ్ర ఇంటి బాల్యమును అచ్చటి పలుకుబడితోనే చెప్పిరి. మహమ్మద్ ఖదీర్‌బాబుగారి ‘దర్గామిట్ట కథలు’ నెల్లూరుజిల్లా ముసల్మాను ఇంటి బాల్యమును, ఎండ్లూరి సుధాకర్‌గారి ‘మల్లెమొగ్గల గొడుగు’ మాదిగవాడ జీవితమును తెలుగు చదువరులకు దగ్గర చేసినవి. ఈ గ్రంథముల వలన బాల్యమనగా అగ్రహారపు బాల్యము మాత్రమే యను భ్రమ తొలగెను. ఇది సామాన్యమైన మార్పు కాదు.

ఇచ్చట నొక భేదము గమనింపదగియున్నది. కులము వలనగాని మతము వలనగాని భిన్నుడైన బాలుడు వీధిలో భిన్నుడు. ఇంట భిన్నుడు కాడు. బడిలో అవమానము జరిగిన సాయంకాలము అతడు చేరు నింటిలో తల్లియు తండ్రియు ఆ యవమానమును తాము పడినవారే. వారి యొడి అతనికి కలదు, వారి కోపమును కలదు. మన మీ వ్యాసమున తలపెట్టిన బాలున కా యొడి లేదు. అతడు ఇంటనే భిన్నుడు. తండ్రివలె గాడు, అన్నవలె గాడు. ఎవరివలె నున్నాడో చెప్పుట కతనికి మాట యును లేదు. కావున అతనిని గూర్చిన పుస్తకమునకు తక్కిన బాల్యగ్రంథముల కన్న నొక పని ఎక్కువ. తక్కిన పుస్తకములు లోకమునకు ఒక బాల్యమును పరిచయము చేయును. ఈ పుస్తకము, ఆ బాలుడే చదివెనేని, తనవంటివాడు మఱియొకడు కలడని తెలుపును.

ఈ గీటురాతితో కూచిపూడిని పరీక్షింతము.

సిద్ధేంద్రయోగి భామాకలాపమును రచించి, కూచిపూడి బ్రాహ్మణబాలురచే ఆడించి, ఆ కుటుంబములలో పుట్టిన ప్రతి మగబిడ్డయు జీవితమున నొక్కసారియైన సత్యభామవేషము ధరింపవలెనని మాట గొనెనని ఐతిహ్యము. సిద్ధేంద్రుని కాలమును గూర్చియు, చరిత్రత్వమును గూర్చియు పండితులలో భిన్నాభిప్రాయము లున్నవి. ఆ చర్చ యిచ్చట మనకు పనిలేదు. ఆ మాటను గ్రామము నమ్మినది. వేదాంతం, వెంపటి, చింతా, భాగవతుల, పసుమర్తి, మహంకాళి మొదలగు ఇండ్లవారు దానిని తమ వంశధర్మముగా జెప్పుకొనిరి. మనకు కావలసినది అంతమాత్రమే.

ఈ వ్రతమున నొక విశేషము గలదు. అది “ఇష్టమున్న బాలుడు”, “అందగాడైన బాలుడు” అనలేదు. ప్రతి బాలుడు అన్నది. ఒకడు ఆడువేషము ధరించిన వాడు వింతవాడగును. అందరు ధరించినచో ఎవడును వింతవాడు కాడు. తెరమీద జడ వైచి, తానెవరో సభకు తెలుపుచు ప్రవేశించు సత్యభామ ఆ యూరి బాలురకు పరకాంత కాదు. తాతయు తండ్రియు ధరించిన వేషము. అందుచేత కూచిపూడి బాలుడు ఆడువేషము గట్టుట చేత ఇంటనుండి వేరుపడుట లేదు, ఇంటిలోనికి మఱింత ప్రవేశించుచున్నాడు. లోకమున భిన్నత యనిపించునది ఈ గ్రామమున వారసత్వ మగుచున్నది.

పై విషయమునే హర్షిత కామత్‌గారు ఆంగ్లమున వ్రాసి 2019లో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయ ముద్రణాలయము ప్రకటించిన ‘ఇంపర్సొనేషన్స్’ అను గ్రంథమున విస్తరించి చర్చించిరి. గ్రామమున నివసించి, నటులతోను వారి ఇండ్లవారితోను మాటలాడి వ్రాసిన గ్రంథ మిది. స్త్రీవేషధారణము కూచిపూడి బ్రాహ్మణుని పురుషత్వమును తగ్గించుట లేదు, దానికి ప్రమాణ మగుచున్నదని వారి ప్రధానసిద్ధాంతము. సత్యభామను మెప్పించినవాడే ఆ యూర నిండైన మగవాడు. ఈ గౌరవమునకు మేటి యుదాహరణము 2012లో కీర్తిశేషులైన వేదాంతం సత్యనారాయణశర్మగారు. చింతా కృష్ణమూర్తిగారి వేంకటరామ నాట్యమండలిలో సత్యభామగను ఉషగను వారు పొందిన కీర్తి తెలుగుదేశమంతయు ఎఱిగినదే. 1961లో కేంద్ర సంగీత నాటక అకాడమి పురస్కారమును, 1970లో పద్మశ్రీ బిరుదమును వారిని వరించినవి. ఆడువేషమున నింత గౌరవము పొందిన పురుషుడు ఆ గ్రామమున మఱియొకడు లేడు.

కామత్‌గారి సిద్ధాంతము మాకు చాలవరకు సమ్మతమే. భామాకలాపమున మాధవిపాత్రమును గూర్చి వారు చేసిన వివేచనము మిక్కిలి విలువైనది. సూత్రధారుడే సత్యభామకడ చెలికత్తెయైన మాధవి, కృష్ణునికడ మాధవుడు. వేషమున మార్పు అత్యల్పము; మాటయు సందర్భమును మారును. ఒకే మనిషి ఇటు తిరిగిన ఆమె, అటు తిరిగిన అతడు. సత్యభామ వేషము సంపూర్ణాహార్యముతో చూపఱను భ్రమింపజేయగా, మాధవి ఆ భ్రమను సభయెదుటనే విప్పిచూపును. దీనిని వారు మాయ యను మనమాటతోనే వివరించిరి. పాశ్చాత్యశాస్త్రపరిభాషను మన రూపకముపై మోపక, రూపకములోనుండియే పరిభాషను గ్రహించుట పరిశోధకవిద్యార్థులు నేర్వదగిన పద్ధతి.

మా యభ్యంతర మొక్కటి కలదు. ఆ గ్రంథమున ప్రధానముగా వినవచ్చునది వయస్సు వచ్చిన నటుల స్వరము. వారు కళను గూర్చి, గురువును గూర్చి, కీర్తిని గూర్చి చెప్పుదురు. తొలిసారి ముఖమున రంగు పూసినపుడు బాలునకు ఏమి తోచెనో, మఱునాడు బడిలో తోటిపిల్లలు ఏమనిరో, వేషము తనకు పొసగని బాలుడు ఎట్లు సిగ్గుపడెనో, వేషము మిక్కిలి పొసగిన బాలుడు దానిని విప్పుటకు ఎట్లు దుఃఖించెనో, ఇవి వినరావు. ఇది గ్రంథకర్త్రి లోపము కాదు, సంప్రదాయమునందలి మౌనము. వ్రతమున “ప్రతి బాలుడు” అన్నారు గాని, ఏ బాలుని పేరును అడుగలేదు. అందరికి నొకేమాట చెప్పు వ్రతము ఒక్కొక్కని మనస్సును విచారింపనక్కఱ లేకుండ చేసినది. కావున కూచిపూడి వ్రతమును భిన్నబాలునకు లభించిన ఆదరణముగా జెప్పుట తొందరపాటగును. ఆదరింపబడినది వేషము. బాలుని సంగతి విచారింపవలసియున్నది.

ఈ సందర్భముననే ఆ యిండ్ల ఆడపిల్లలను స్మరింపవలసియున్నది. వ్రతము మగబిడ్డలకే. తండ్రి తాళమును, అన్న అడుగులను విని పెరిగిన కూతురు ఆ సంప్రదాయమున రంగమెక్కుటకు వీలులేకపోయెను. సత్యభామ ఆడుది, సత్యభామను ఆడుటకు మాత్రము ఆడుదానికి అర్హత లేదు. కామత్‌గారి గ్రంథమున చివరి యధ్యాయము ఈ స్త్రీల కోరికను గూర్చినది. ఆ పుస్తకమున మనస్సును పట్టు భాగ మిదియే యని మేము తలంతుము. వెంపటి చినసత్యంగారు 1963లో మద్రాసున కూచిపూడి ఆర్ట్ అకాడమి స్థాపించి ఎందరో యువతులకు ఈ నృత్యము నేర్పిరి. ఆ తరువాత దేశవిదేశముల సత్యభామ స్త్రీల పాత్రమైనది. గ్రామమునందలి కులాంగనలకు మాత్రము ఆ ద్వారము వెంటనే తెఱువబడలేదు. తీరాంధ్రమున కలావంతుల స్త్రీలును సత్యభామను అభినయించుచు వచ్చిరి. 1947 నాటి మద్రాసు చట్టము దేవదాసీవ్యవస్థను రద్దు పఱచిన పిదప వారి యాటకు చోటు కొఱవడెను. అనగా స్త్రీవేషమున పురుషునకు కీర్తి పెరుగుచున్న దశాబ్దములలోనే, స్త్రీగా ఆడిన స్త్రీకి రంగము తగ్గుచు వచ్చినది. ఇంట భిన్నులై పెరిగినవారిని వెదకునపుడు ఈ కూతుళ్లను గూడ లెక్కింపక తీఱదు.

కూచిపూడి వెలుపల, ఆధునిక రంగస్థలమున, ఆడువేషము కులవ్రతము కాదు. ఎవ డేల దానిని ధరించెనో చెప్పుకొనవలసిన యవసర మచ్చట కలదు. బాపట్లలో 1902లో పుట్టిన స్థానం నరసింహారావుగారు శ్రీకృష్ణతులాభారమున సత్యభామగను, కన్యాశుల్కమున మధురవాణిగను, చింతామణిగను తెలుగువారిని మురిపించి, 1956లో పద్మశ్రీ పొందిరి. 1971లో దివంగతులైరి. వారి ‘నటస్థానము’ స్వీయానుభవగ్రంథము. స్త్రీపాత్రపోషణమును ఒక శాస్త్రముగా తలచి సాధన చేసినవాని వివేకము అందు గానవచ్చును. నటవిద్యార్థి కది పాఠ్యగ్రంథము. అయినను భిన్నబాల్యమును వెదకు చదువరి అందు నటునే చూచును గాని బాలుని చూడడు. తన విద్యను గౌరవింపజేయుటకై పూనుకొన్న నటుడు, చూపఱులు నవ్వుదురేమో యను స్థలములను దాటివేయుట సహజము.

దీనితో పోల్చదగిన గుజరాతీ గ్రంథ మొకటి గలదు. 1889లో పుట్టిన జయశంకర్, బాల్యముననే నాటకసమాజముతో కలకత్తాకు వెడలి, ‘సౌభాగ్యసుందరి’ నాటకమున నాయికగా నటించి, ఆ పాత్రము పేరనే జయశంకర్ ‘సుందరి’ యని ప్రసిద్ధుడయ్యెను. ఆయన వ్రాసికొనిన ఆత్మకథను క్యాథరిన్ హాన్సెన్‌గారు 2011లో వెలువరించిన భారతీయ రంగస్థలాత్మకథల సంపుటమున ఆంగ్లమున చదువవచ్చును. స్త్రీవేషము తొలుత ధరించినపుడు తనలో నొక యువతి మేలుకొనుటను ఆయన దాచక చెప్పిరి. ఆ వాక్యములలో గర్వము లేదు, క్షమాపణము లేదు; జరిగినది చెప్పుట మాత్రమే. మన రంగస్థలాత్మకథలలో మనము వెదకియు పొందలేని స్వర మది.

రంగమునకును వీధికిని గల యంతరము చట్టములలో నింకను స్పష్టము. స్థానంవారు రంగమెక్కిన కాలముననే, హైదరాబాదు రాజ్యమున 1329 ఫసలీలో, అనగా సుమారు 1919-20లో, నపుంసకుల చట్టమను శాసనము పుట్టెను. ఆడుబట్టలు గాని ఆడునగలు గాని ధరించి బహిరంగస్థలమున కానవచ్చినను, అచ్చట పాడినను ఆడినను, అట్టివారిని వారంటు లేకయే నిర్బంధించి శిక్షింప అది అధికార మిచ్చెను. పదునాఱేండ్లలోపు బాలుని దగ్గర నుంచుకొనుటయు నేరమే. తెలంగాణ ఉన్నతన్యాయస్థానము 2023లో ఆ చట్టము రాజ్యాంగవిరుద్ధమని కొట్టివేసినది. అనగా ఒక శతాబ్దికాలము తెలుగుగడ్డపై నొకచో చీరగట్టి ఆడిన పురుషునకు శాలువయు, వేఱొకచో చీరగట్టి ఆడినవానికి సంకెలయు సిద్ధముగా నుండెను. బట్ట యొక్కటే, అడుగు నొక్కటే కావచ్చును. తెర దించిన పిదప విప్పు వేషమునకు గౌరవము. విప్పని వేషమునకు శిక్ష. 2014లో సర్వోన్నతన్యాయస్థానము స్త్రీపురుషేతరమైన లింగమును గుర్తించి, తన లింగమును తాను నిర్ణయించుకొను హక్కును అంగీకరించిన పిదపనే ఈ వైరుధ్యము న్యాయమున తొలగ నారంభించెను.

వేషము విప్పనివారి బాల్యమును చెప్పు గ్రంథమేది? తెలుగు చదువరికి నేడు చేతికందు గ్రంథము ఎ. రేవతిగారి ఆత్మకథ. తమిళమున వ్రాయబడి, వి. గీతగారి ఆంగ్లానువాదముగా 2010లో వెలువడి, విజయవాడ వాస్తవ్యులగు పి. సత్యవతిగారి చేతిమీదుగా ‘ఒక హిజ్రా ఆత్మకథ’ యను పేర తెలుగులోనికి వచ్చినది. ఈ యనువాదమునకు సత్యవతిగారు 2019 సంవత్సరపు సాహిత్య అకాడమి అనువాదపురస్కారము నందుకొనిరి. మూలము పొరుగు నాటిది. తెలుగు మాట కృష్ణాతీరపు కథకురాలిది.

ఈ గ్రంథారంభమునందలి బాల్యభాగము మన విషయమునకు అత్యంతముఖ్యము. సేలం ప్రాంతపు పల్లెలో ఒక ఇంటి కడగొట్టు మగబిడ్డ. అక్క బట్టలయందు మక్కువ, ఆడపిల్లల యాటలయందు ఇష్టము, బడిలో ఎగతాళి. ఊరి మారియమ్మ ఉత్సవమున ఆ బాలుడు కురత్తి వేషము, అనగా ఎఱుకలసాని వంటి వేషము, ధరించును. చూచినవా రందఱు అచ్చముగా ఆడుపిల్లయే యని మెచ్చుకొందురు. ఆ దినమున ఇల్లు గర్వించును. ఉత్సవము ముగియగానే అదే నడక, అదే మాట దండనమునకు హేతువులగును. ఊరు మెచ్చినది వేషమును. ఆ బాలునకు ఆ దినము వేషము కాదు, తక్కిన దినములే వేషము. ఈ తలక్రిందులైన సత్యమును రేవతిగారు సిద్ధాంతముగా గాక సంఘటనగా చెప్పిరి. అన్నల దెబ్బలు, ఇల్లు విడుచుట, ఢిల్లీ ప్రయాణము, తనవంటివారిలో చేరుట, మరల నింటికి వచ్చుట, మరల విడుచుట - ఈ యన్నిటికి బీజ మాయుత్సవదినముననే యున్నదని మేము భావింతుము.

ఇంటిమీది మమకారము ఈ గ్రంథమున చివరివరకు విడువదు. కొట్టిన యింటికే మరల మరల వచ్చుట, తల్లి మాటకై చెవియొగ్గుట, ఆస్తిలో వాటా యడుగుట - ఇవి విప్లవకారుని కథవలె గాక బిడ్డకథవలె సాగును. “ఇంట భిన్నుడు” అని మేము పైన చెప్పిన బాలుని దుఃఖము అన్నిటికన్న నిచ్చట నిండుగా నున్నది. కొందరు విమర్శకు లిట్టి గ్రంథములను సాంఘికసాక్ష్యములుగా మాత్రము గ్రహించి, సాహిత్యగుణమును విచారింపరు. అది సరికాదు. ఏ సంఘటనను ముందు చెప్పవలెను, ఏ దుఃఖమును ఒక్కమాటతో విడువవలెను అను విచక్షణ ఇందు కలదు. ఆ విచక్షణయే రచన.

తెలుగుశాఖలకు చెందిన మనము ఈ సందర్భమున భాషను గూర్చి కొంత విచారింపవలెను. చిన్నయసూరి బాలవ్యాకరణము (1858) తెలుగు నామములను మహద్వాచకములు, మహతీవాచకములు, అమహద్వాచకములు అని విభజించెను. ఏకవచనమున స్త్రీని చెప్పు క్రియ అమహత్తును చెప్పు క్రియతో నొక్కటియే: వాడు వచ్చుచున్నాడు, ఆమె వచ్చుచున్నది, ఆవు వచ్చుచున్నది. కావున ఒక బాలుని ఎగతాళి చేయదలచినవాడు “అది వచ్చుచున్నది” అనినచో ఒక్కమాటతో వానిని మగతనమునుండియు మనుష్యత్వమునుండియు త్రోసివేసినట్లగును. బడిలో ఈ మాట విననివారు లేరు. దీని బాధ వ్యాకరణములోనే యున్నది.

అదే వ్యాకరణమున శరణమును గలదు. ఉత్తమపురుషక్రియకు తెలుగున లింగము లేదు. “నేను వచ్చితిని” అని పురుషుడు నట్లే యనును, స్త్రీయు నట్లే యనును. గుజరాతీ, హిందీ భాషలలో తన్ను గూర్చి చెప్పుకొనువాడు భూతకాలక్రియతోనే తన లింగమును ప్రకటింపవలసివచ్చును. తెలుగున “నేను” అని యారంభించిన బాలుడు చాలదూర మెవ్వరికి నేమియు చెప్పనక్కఱ లేక నడువగలడు. చిన్నవాడను, చిన్నదానను వంటి పదములు వచ్చినచోట మాత్రము ఎన్నిక తప్పదు. ఇట్లే బహువచనమున “వారు వచ్చుచున్నారు” అను గౌరవరూపమునకు స్త్రీపురుషభేదము లేదు. ఎదుటివారిని గౌరవింప నిచ్చగించినవానికి వారి లింగమును నిర్ణయింప నక్కఱలేదని తెలుగు వ్యాకరణము చెప్పకయే చెప్పుచున్నది.

సంబోధనమున నింతకంటె సూక్ష్మమైన సమస్య కలదు. మగపిల్లవానిని “రా” చేర్చి పిలుతుము, ఆడపిల్లను “వే” చేర్చి పిలుతుము. ఒక్క బిడ్డను ఇల్లు “రా” యని పిలిచి, బయటి చెలికత్తెలు “వే” యని పిలిచిన, ఆ రెండక్షరముల నడుమ ఒక జీవితమంతయు నున్నది. ఆంగ్లమునుండి తెలుగులోనికి వచ్చు అనువాదమున ఈ యక్షరములు అనువాదకుడు తానై చేర్చవలసినవి. మూలమున వాటికి సమానము లేదు. కావున ఇట్టి గ్రంథము తెలుగు చేయువాడు పుటపుటకును ఆ బిడ్డ ఎవరని నిర్ణయించుచునే యుండవలెను. అనువాదశాస్త్రము నభ్యసించు విద్యార్థి యొకడు సంబోధనరూపములను మాత్రము గ్రహించి ఇట్టి గ్రంథములను పరిశీలించినచో మంచి సిద్ధాంతవ్యాస మగును.

ఇంతవరకు చూచిన గ్రంథములను మూడు ప్రశ్నలతో తూచవచ్చునని మా యభిప్రాయము. మాటలాడుచున్న దెవరు అనునది మొదటిది. ‘గణపతి’లో బాలుని గూర్చి ఇతరులు మాటలాడుదురు, కామత్‌గారి గ్రంథమున పెరిగిన నటులు మాటలాడుదురు, రేవతిగారి గ్రంథమున బాలుడై పెరిగిన యామె తానే మాటలాడును. ఇల్లు గ్రంథములో నున్నదా అనునది రెండవది. రంగస్థలాత్మకథలలో సాధారణముగా ఇల్లు లేదు, సభ యున్నది. కీర్తి చేత బాల్యమును కప్పివేయుట జరిగినదా అనునది మూడవది. పెద్దవాడై పురస్కారములు పొందెను గనుక చిన్ననాటి పరిహాసము సఫలమైనదని ముగించు గ్రంథము, పురస్కారము పొందని వేలమంది బాలుర పరిహాసమును సమర్థించినట్లే యగును. ఈ మూడవ ప్రశ్నకు నిలిచిన గ్రంథములు మిక్కిలి తక్కువ.

ఈ తూనికను బట్టి కూచిపూడికి న్యాయమైన స్థాన మేది? ఆ గ్రామము లోకమునకు చూపినది చిన్న విషయము కాదు. పురుషత్వము నొకే యచ్చున పోయనక్కఱ లేదని, ఆడుదాని నడకను నేర్చిన బాలుడు అవమానము లేక పెద్దవాడు కాగలడని, అది నిరూపించినది. కాని ఆ స్వేచ్ఛ కొన్ని యిండ్ల పేళ్లవారికి, మగబిడ్డలకు, రంగస్థలమునకు, రాత్రి కొన్ని జాములకు మాత్రము పరిమితము. దానిని మెచ్చుకొనుచు ఆ యెల్లలను చెప్పకుండుట చరిత్రకు ద్రోహము. ఎల్లలను మాత్రమే చెప్పి, లోపలి వెలుగును కాదనుట కళకు ద్రోహము. రెంటిని చెప్పు గ్రంథము తెలుగున రావలసియున్నది.

ఆ గ్రంథమునకు కావలసిన సామగ్రి యిప్పటికిని కొంత దొరకును. బాల్యమున సత్యభామవేషము ధరించి పిమ్మట రంగమును విడిచి ఉపాధ్యాయులుగనో ఉద్యోగులుగనో జీవించిన వృద్ధులను విచారింపవలెను. కీర్తిమంతుల జీవితములు ఇప్పటికే వ్రాయబడినవి. ఒక్కసారి మాత్రము వేషము గట్టినవాని జ్ఞాపకమే వ్రతమునకు నిజమైన సాక్ష్యము. వేషము ధరింప నిరాకరించినవారు, ధరించియు మెప్పింపలేకపోయినవారు కలరేమో అడుగవలెను. ఆ యిండ్ల అక్కచెల్లెండ్రను, అత్తలను అడుగవలెను. బాలునకు జడ కట్టినవారు, చీర కుచ్చెళ్లు దిద్దినవారు ఆ చేతులే కావచ్చును. రాయలసీమయందు పుట్టిన సురభి మొదలగు నాటకసమాజములందును, జాతరలందును బాలురు ధరించు వేషములను గూర్చి ఇదే రీతి ప్రశ్నించవలెను. రంగమెక్కని బాలుని జ్ఞాపకము సేకరించుట అన్నిటికన్న కష్టము, అన్నిటికన్న అవసరము. ఈ పనిలో చెప్పినవారి యనుమతి లేక పేరు ప్రకటింపరాదను నియమము ప్రాణముతో సమానమని పరిశోధకులు ఎఱుంగవలెను.

ఉపాధ్యాయుల కొక్క మాట విన్నవింతుము. మనము భామాకలాపమును పాఠముగా చెప్పునపుడు సిద్ధేంద్రుని వ్రతమును తప్పక చెప్పుదుము. విద్యార్థులు వింతగా విని ఆనందింతురు. ఆ తరగతిలో వెనుకబల్లపై, తన నడకను గూర్చి తోటివారు చేయు పరిహాసమునకు అలవాటుపడిన బాలు డొకడు కూర్చుండియుండుట అసంభవము కాదు. అతడు ఆ పాఠమును అందఱివలె వినడు. మగవాడు సత్యభామ యగుట గౌరవమని మనము చెప్పిన నోటితోనే, తరగతి ముగిసిన పిదప వానిని గూర్చి లేచిన నవ్వును వారింపకున్న, మనము చెప్పిన పాఠము వానికి అబద్ధమగును. వానిచేతికి ఈయదగిన తెలుగు పుస్తకములు నేటికి వ్రేళ్లపై లెక్కింపదగినన్నియే. వాటిని గ్రంథాలయములలో నుంచుట, పఠనీయగ్రంథముల పట్టికలో చేర్చుట, వాటిపై పరిశోధన చేయువానిని విషయము తగనిదని వెనుకకు పంపకుండుట మన శాఖల చేతిలోని పనులు. కొత్త గ్రంథము వ్రాయువాడు ఆ వెనుకబల్లపైనుండియే రావలసియున్నది; వానిని బడిలో నిలుపుట తక్కిన పనులకు ముందుది.